మారియో బ్రేగా గొంతు

మారియో బ్రేగా అనే పేరు మన బడిలో ఎవరూ విని ఉండరనుకుంటాను. పోయిన ఎండాకాలం సెలవుల వరకూ నేనూ వినలేదు. ఆయన ఇటలీ నటుడు. 1923లో రోము నగరంలో పుట్టి, 1994లో అదే రోములో చనిపోయినాడు. హీరో కాదు, పెద్ద విలను కూడా కాదు. విలను పక్కన నిలబడే లావు మనిషి. హీరోను చావగొట్టేవాడు, కాసేపటికి తానే చచ్చేవాడు. ఇట్లాంటి మనిషి మీద వ్యాసం యాల అని మీరు అడగవచ్చు. నాకు ఆయన చానా ముఖ్యమైన మనిషి అయినాడు. ఎట్ల అయినాడో చెప్తాను.

మా తాతకు సినిమా హీరో కృష్ణ అంటే ప్రాణం. 1971లో వచ్చిన 'మోసగాళ్ళకు మోసగాడు' సినిమాను టెంటు కొట్టాయిలో నేల టిక్కెట్టుకు ఎన్నిసార్లు చూసినాడో ఆయనకే లెక్క లేదు. కె.ఎస్.ఆర్. దాస్ డైరెక్టు చేసిన ఆ సినిమాకు కత, మాటలు ఆరుద్ర రాసినాడు. రాజస్థాన్ ఎడారిలో గుర్రాల మీద తీసిన తెలుగు కౌబాయ్ సినిమా అది. దాని పేరెత్తితే చాలు, తాత పడక మీదనుంచి లేచి కూర్చుంటాడు. సెలవుల్లో బెంగళూరునుంచి వచ్చిన మా మామ ఆయనను ఊరకే రెచ్చగొట్టినాడు. "నాయనా, మీ కృష్ణ టోపీ, ఆ తుపాకీ, ఆ గుర్రం అన్నీ ఇటలీవాళ్ళ సినిమాలనుంచి వచ్చినవే" అన్నాడు. తాత ఒప్పుకోలేదు. "చూపించు, చూస్తాను" అన్నాడు.

మామ ల్యాప్‌టాప్‌ను టీవీకి కలిపి మూడు రాత్రులు మూడు సినిమాలు పెట్టినాడు. 'ఎ ఫిస్ట్‌ఫుల్ ఆఫ్ డాలర్స్' 1964లో, 'ఫర్ ఎ ఫ్యూ డాలర్స్ మోర్' 1965లో, 'ది గుడ్, ది బ్యాడ్ అండ్ ది అగ్లీ' 1966లో వచ్చినవి. మూడింటికీ డైరెక్టరు సెర్జియో లియోనే, హీరో క్లింట్ ఈస్ట్‌వుడ్. అమెరికా పశ్చిమ ప్రాంతాల కతలే, తీసినవాళ్ళు మాత్రం ఇటలీవాళ్ళు. అమెరికా పోయి తీసే డబ్బు లేక స్పెయిను దేశంలో అల్మేరియా అనే ఎండు సీమలో తీసినారు. ఇటలీవాళ్ళు తినే సేమ్యాలాంటి పదార్థం పేరు పెట్టి వీటిని 'స్పగెట్టి వెస్టర్న్' అని ఎగతాళి చేసినారంట. ఆ పేరే నిలిచిపోయింది.

రెండో రాత్రి తాత ఉన్నట్టుండి, "వీడు నిన్న చచ్చినాడే! మళ్ళా వచ్చినాడే!" అన్నాడు. అందరం నవ్వినాము. మూడో రాత్రి ఆ మనిషి సైనికుడి బట్టల్లో మళ్ళా వచ్చినాడు. అప్పుడు నేను పేరు వెతికినాను. మారియో బ్రేగా.

మొదటి సినిమాలో ఆయన పేరు చీకో. దొంగల ముఠాలో ఒకడు. హీరోను పట్టుకుని చావగొట్టేవాళ్ళలో ఉంటాడు. తప్పించుకునేటప్పుడు హీరో ఒక పెద్ద పీపాను పైనుంచి దొర్లిస్తాడు. దాని కింద పడి చీకో పోతాడు. రెండో సినిమాలో నీన్యో అనే దొంగ. మూడో దాంట్లో కార్పొరల్ వాలెస్. యుద్ధ ఖైదీల శిబిరంలో పెద్ద సైనికుడు.

ఈ వాలెస్ ఉండే ఘట్టం చూస్తే మీరు మర్చిపోలేరు. టూకో అనే దొంగ ఖైదీగా ఆ శిబిరానికి వస్తాడు. టూకో వేషం ఎలై వాలక్ అనే నటుడు వేసినాడు. పాతిపెట్టిన బంగారం ఏ శ్మశానంలో ఉందో వానికి తెలుసు. వానితో నిజం కక్కించాలని లోపల గదిలో వాలెస్ కొడతా ఉంటాడు. అరుపులు వినపడకుండా బయట ఖైదీలతో బలవంతంగా వాద్యాలు వాయిస్తారు. వాయించేవాళ్ళ కళ్ళల్లో నీళ్ళు. లోపల బ్రేగా చేతులు. పాట మెత్తగా ఉంటుంది, దెబ్బలు గట్టిగా ఉంటాయి. ఆ ఘట్టంలో తాత కూడా గమ్మునైపోయినాడు.

తరువాత టూకోను బేడీలతో తన చేతికి కట్టుకుని వాలెస్ రైల్లో తీసుకుపోతాడు. టూకో కదిలే రైల్లోంచి దూకి, వాలెస్‌నూ కిందికి లాగి చంపేస్తాడు. బేడీలు ఎంత కొట్టినా తెగవు. శవాన్ని పట్టాల పక్కకు ఈడ్చి, గొలుసును పట్టా మీద పెట్టి, తాను పక్కనే బోర్లా పడుకుంటాడు. రైలు పోతుంది, గొలుసు తెగుతుంది. రైలు పెట్టెల మెట్లు బయటికి పొడుచుకుని ఉన్నాయని, తల ఇంకొంచెం ఎత్తి ఉంటే తెగిపోయేదని వాలక్ తరువాత చెప్పుకున్నాడు. ఆ ఘట్టం గురించి మాట్లాడే అందరూ వాలక్ గురించే మాట్లాడతారు. అది సరే. కానీ ఆ ముందరి దెబ్బలు అంత నిజంగా లేకపోతే, గొలుసు తెగినప్పుడు మనకు అంత సంతోషం వస్తుందా? కొట్టేవాడు బలంగా ఉంటేనే కదా తప్పించుకున్నవాడు గొప్పవాడయ్యేది! అంటే హీరో ఎత్తును కొలిచే కొలబద్ద పక్క వేషం వేసే మనిషి దగ్గరే ఉంటుంది.

సినిమాల్లోకి రాకముందు బ్రేగా మాంసం కొట్టులో పని చేసేవాడు. ఆ భుజాలు, ఆ చేతులు చూస్తే నమ్మేట్టే ఉంటాయి. 1960లలో ఇటలీవాళ్ళు ఇట్లాంటి గుర్రాల సినిమాలు వందల కొద్దీ తీసినారు. అన్నింటికీ లావు రౌడీలు కావాలి. బ్రేగాకు చేతినిండా పని దొరికింది. 1968లో సెర్జియో కొర్బూచి తీసిన 'ది గ్రేట్ సైలెన్స్' అనే సినిమాలోనూ ఉన్నాడు. దాంట్లో ఎడారి ఉండదు, అంతా మంచు. హీరో మూగవాడు. బ్రేగా అక్కడా పెద్దమనిషి పక్కనుండే రౌడీనే, పేరు మార్టిన్. పేరు మారుతుంది, ఊరు మారుతుంది, పని మాత్రం మారదు.

నన్ను ఆపేసిన విషయం ఇంకొకటి ఉంది. మొదటి సినిమా పేర్లలో 'మారియో బ్రేగా' అని లేదు. 'రిచర్డ్ స్టైవెసాంట్' అని ఉంది. అమెరికా సినిమా అనుకుని జనం టిక్కెట్టు కొనాలని అందరూ ఇంగ్లీషు పేర్లు పెట్టుకున్నారు. విలను వేసిన జాన్ మరియా వొలొంతే 'జాన్ వెల్స్' అయినాడు. సంగీతం చేసిన ఎన్నియో మోరికోనే 'డాన్ సావియో' అయినాడు. డైరెక్టరు లియోనే 'బాబ్ రాబర్ట్‌సన్' అయినాడు. లియోనే తండ్రి కూడా డైరెక్టరే, సినిమాల్లో ఆయన పెట్టుకున్న పేరు రొబెర్తో రొబెర్తి. 'రాబర్ట్‌సన్' అంటే రాబర్ట్ కొడుకు. దొంగపేరులో కూడా నాయన పేరును దాచుకున్నాడు, తెలివైనవాడు.

పేరే కాదు, గొంతు కూడా అంతే. ఆ సినిమాలు తీసేటప్పుడు మాటలను అక్కడే రికార్డు చేసేవాళ్ళు కాదు. సెట్టులో ఎవరి భాష వాళ్ళది. ఈస్ట్‌వుడ్ ఇంగ్లీషులో అడిగితే వొలొంతే ఇటాలియనులో జవాబు చెప్పేవాడు. స్పెయిను నటులు స్పానిషు. తరువాత స్టూడియోలో గొంతులు అతికించేవాళ్ళు. ఇటాలియను ప్రింటులో ఈస్ట్‌వుడ్‌కు ఎన్రికో మరియా సలెర్నో అనే నటుడు గొంతు ఇచ్చినాడు. మేము చూసిన ఇంగ్లీషు ప్రింటులో బ్రేగా నోరు తెరిస్తే వచ్చేది ఎవరో ఇంగ్లీషు మాట్లాడేవాని గొంతు. అంటే ఆ లావు శరీరం ఒక్కటే ఆయనది. పేరు ఆయనది కాదు, మాట ఆయనది కాదు.

ఇది చదివినప్పుడు నాకు పోయిన సంవత్సరం ఉగాది గుర్తుకొచ్చింది. నేను కూడా లావుగా ఉంటానని మీ అందరికీ తెలుసు. నాటకం అంటే నాకు భటుడు, రాక్షసుడు, ద్వారపాలకుడు తప్ప వేరే వేషం రాదు. దానికి నేను బాధపడను. ఒక ఊరిలో ఉగాది సభకు బకాసురవధ నాటకం వేయమని మా పిల్లలను పిలిచినారు. నేను బకాసురుణ్ణి. ఇరవై రోజులు పద్యంలాగా మాటలు బట్టీ పట్టినాను. మా అమ్మ రాగిముద్ద కెలకతా ఉంటే పక్కన నిలబడి అరిచి చూపించేవాణ్ణి. స్టేజీ మీద మైకులు సరిగా పని చేయవని, మాటలన్నీ ముందే రికార్డు చేసి వేస్తామని అన్నారు. రికార్డు చేసే రోజు నేను నాలుగు మాటలు చెప్పినానో లేదో, అక్కడున్న ఒక పెద్దాయన చెయ్యెత్తి ఆపినాడు. "బాబూ, నీ ఆకారం బాగుంది, గొంతు కూడా బాగుంది. ఆ యాస మాత్రం మన తెలుగు కాదు" అన్నాడు. నా మాటలు వేరే అబ్బాయితో చెప్పించినారు.

ఆ రోజు నేను స్టేజీ మీద నోరు తెరిచినాను, మూసినాను. బండి అన్నం తిన్నాను, భీముని చేతిలో చచ్చినాను. అందరూ చప్పట్లు కొట్టినారు. తాత మాత్రం ఇంటికి పోయేటప్పుడు బస్సులో, "అది నీ గొంతు కాదు గదా అబ్బోడా?" అని అడిగినాడు. అవును, కాదు తాతా అని చెప్పినాను. ఆయన ఇంకేమీ అడగలేదు. నా చెయ్యి పట్టుకుని కూర్చున్నాడు.

మన సంగతి మీకు తెలిసిందే. బస్టాండులో మనం తెలుగు మాట్లాడితే 'ఆంధ్రానా?' అని తమిళంలో అడుగుతారు. ఆంధ్రాలో చుట్టాల పెళ్ళికి పోతే 'తమిళోళ్ళు వచ్చినారు' అంటారు. ఎన్నో తరాలుగా ఈ హోసూరు సీమలోనే ఉన్నాము. 'ఊరుకో' అనే చోట 'గమ్మునుండు' అంటాము. 'ఎక్కువ' అనే చోట 'జాస్తి' అంటాము. 'తొందరగా' అనే చోట 'బిన్నా' అంటాము. కన్నడం ఇటు, తమిళం అటు ఉన్నప్పుడు మాట ఇట్ల కాక ఇంకెట్ల ఉంటుంది? అది తప్పని నాకు ఎవరూ చెప్పలేదు, ఆ రికార్డింగు రోజు వరకూ.

ఇప్పుడు బ్రేగా కతలో నాకు ఇష్టమైన భాగానికి వస్తాను. గుర్రాల సినిమాల కాలం 1970లలో అయిపోయింది. రోములో కార్లో వెర్దోనే అనే కుర్రవాడు టీవీలో రకరకాల మనుషులను అనుకరించి నవ్వించేవాడు. లియోనే అతని వెనక నిలబడి సినిమా తీయించినాడు. 1980లో వచ్చిన ఆ సినిమా పేరు 'ఉన్ సాక్కో బెల్లో'. దాంట్లో జుట్టు పెంచి, ఇల్లు వదిలిపెట్టి తిరిగే కొడుకుగా వెర్దోనే, ఆ కొడుకును చూసి కడుపు మండిపోయే నాయనగా బ్రేగా. అప్పటికి బ్రేగాకు యాభై ఏళ్ళు దాటినాయి. ఆ సినిమాలో ఆయనకు గుర్రం లేదు, తుపాకీ లేదు. పాత ముక్కలేదీ లేదు. రోము వీధుల్లో మామూలు మనుషులు మాట్లాడే మాట ఉంది.

రోము మాటకు, ఇటలీ పుస్తకాల మాటకు తేడా ఉంది. పుస్తకంలో ఇనుమును 'ఫెర్రో' అంటారు. రోములో ఆ రెండు రకారాలను నొక్కకుండా 'ఫేరో' అనేస్తారు. పోవడం అనే మాట పుస్తకంలో 'అందారె', రోములో 'అన్నా'. తోకలు కత్తిరించి, అక్షరాలు మింగి మాట్లాడతారు. మనం 'వస్తూ ఉన్నాడు' అనకుండా 'వస్తాండాడు' అన్నట్టే. బ్రేగా పుట్టినప్పటినుంచీ మాట్లాడిన మాట అది.

1981లో 'బియాంకో, రొస్సో ఎ వెర్దోనే' వచ్చింది. ఇటలీ జెండా రంగులు ఆకుపచ్చ, తెలుపు, ఎరుపు. ఆకుపచ్చను వాళ్ళు 'వెర్దె' అంటారు. దాని చోట తన ఇంటిపేరు పెట్టి వెర్దోనే చేసిన తమాషా ఆ పేరు. కతలో ఓటు వేయడానికి కార్లలో బయలుదేరిన మనుషులుంటారు. వాళ్ళలో ఒకడు తన అవ్వను వెరోనానుంచి రోముకు తీసుకుపోతా ఉంటాడు. అవ్వ వేషం ఎలెనా ఫాబ్రిజిది. రోములో అందరూ ఆమెను 'సోరా లెల్లా' అని పిలిచేవాళ్ళు, ఆమెకు అక్కడ ఒక హోటలు కూడా ఉండేది. బ్రేగాది లారీ డ్రైవరు వేషం, 'ప్రిన్సిపె' అంటే రాకుమారుడు అని మారుపేరు. దారిలో ఒకచోట అవ్వకు ఇంజెక్షను వెయ్యాల్సి వస్తుంది. ఆ పని ఈ పెద్ద లారీ డ్రైవరు చేస్తాడు. చేసి, తన చెయ్యి ఇనుము కాగలదు, ఈక కూడా కాగలదు అని గర్వంగా చెప్పుకుంటాడు. 'ఫెర్రో' అనడు. 'ఫేరో' అంటాడు.

ఆ ముక్కను నేను కింద ఇంగ్లీషు అక్షరాలు చదువుకుంటూ చూసినాను. మామను ఆపమని, మళ్ళా వేయించుకున్నాను. ఎందుకంటే ఆ చెయ్యి నాకు తెలుసు. టూకోను కొట్టిన చెయ్యి అది. 1966లో ఆ చెయ్యి ఇనుము మాత్రమే. పదిహేనేళ్ళ తరువాత అదే చెయ్యి ఒక ముసలామెకు నొప్పి తెలియకుండా సూది వేసింది. సొంత మాట వచ్చేసరికి మనిషికి రెండో వైపు కూడా వచ్చింది. ఆ తరువాత 1982లో 'బొరోతాల్కో' అనే సినిమాలో కొట్టు నడిపే మామగారిగా వేసినాడు. ఇటలీలో ఆయన పేరు చెప్తే జనం ఈ వెర్దోనే సినిమాల మాటలనే తలుచుకుని నవ్వుతారంట. అవి కూడా చిన్న వేషాలే. హీరో వెర్దోనేనే. 1984లో లియోనే తీసిన 'వన్స్ అపాన్ ఎ టైమ్ ఇన్ అమెరికా'లో కూడా ఆయనది చిన్న వేషమే. చివరిదాకా ఆయన పక్క మనిషే. మారింది ఒకటే, గొంతు.

నేను మా టీచరమ్మతో ఈ మాట చెప్పినప్పుడు ఆమె ఒక మంచి ప్రశ్న వేసింది. "అయితే పుస్తకాల తెలుగు వద్దంటావా?" అని అడిగింది. రెండు రోజులు ఆలోచించినాను. వద్దనను. పరీక్షలో 'బిన్నా' అని రాస్తే మార్కు పోతుంది, అది నాకు తెలుసు. రాసే తెలుగు లేకపోతే శ్రీకాకుళంలో ఎవరో రాసిన కతను నేను హోసూరులో చదవలేను. నేను రాసిన ఈ వ్యాసం ఇంకో ఊరివాళ్ళు చదవలేరు. ఆ తెలుగు నాకు కావాలి. దాని కోసమే కదా, చుట్టూ ఎవరూ చదవని భాషలో మనం చదువుతా ఉండేది! నేను అడిగేది వేరే. బకాసురుడు ఏ ఊరివాడు? ఏకచక్రపురం పక్క అడవివాడు. వాడు ఏ జిల్లా యాసలో మాట్లాడినాడో చూసినవాళ్ళెవరు? హోసూరు గొంతుతో అరిస్తే భీమునికి కోపం తక్కువ వస్తుందా?

మా తాత కృష్ణ సినిమాను అన్నిసార్లు యాల చూసినాడో కూడా ఇప్పుడు నాకు అర్థమయింది. టోపీ, గుర్రం, తుపాకీ ఎక్కడివైనా కానీ, కృష్ణ ఆ గుర్రం మీద కూర్చుని తెలుగు మాట్లాడినాడు. నేల టిక్కెట్టులో కూర్చున్న తాతకు ఆ ఎడారి తన పొలం పక్కన ఉన్నట్టు అనిపించి ఉంటుంది. మూడు రాత్రులు చూసినాక మామ, "ఇప్పుడు ఒప్పుకుంటావా నాయనా?" అని అడిగితే, తాత "సినిమా వాళ్ళదే, ఒప్పుకుంటాను. మాట మనది" అన్నాడు.

ఈ సంవత్సరం మన బడి వార్షికోత్సవానికి పది నిమిషాల నాటకం మన మాటలోనే వేయడానికి టీచరమ్మ ఒప్పుకుంది. నేనే రాస్తా ఉన్నాను. టమోటా మండీలో ఒక దళారి, గంప దించిన ఒక ముసలి రైతు, ఇద్దరి మధ్య ధర కాడ గొడవ. హీరో ఆ ముసలాయన. దళారి వేషం నాది. మొదట ఇనుములాగా మాట్లాడతాడు, చివర్లో కొంచెం మెత్తబడతాడు. రాసిన రెండు పేజీలు మా అవ్వకు చదివి వినిపిస్తే, "దళారి 'త్వరగా చెప్పు' అంటాడా? 'బిన్నా చెప్పు' అంటాడు" అని దిద్దింది. బడికి పోని మా అవ్వ నా తెలుగును దిద్దడం అదే మొదటిసారి. నాకు చానా సంతోషం వేసింది.

మిత్రులారా, ఈసారి సినిమా చూసేటప్పుడు హీరో వెనక నిలబడిన మనిషిని కూడా ఒకసారి చూడండి. పేర్లు పడేటప్పుడు లేచి పోకుండా ఆయన పేరు వెతకండి. నాటకానికి కూడా అందరూ రండి. రికార్డింగు ఏమీ లేదు. స్టేజీకి మొత్తం మైకు ఒకటే ఉంటుందంట, గట్టిగా మాట్లాడాలని టీచరమ్మ చెప్పింది. ఆ విషయంలో నాకు భయం లేదు.